నాలుగు రోజుల ఆలస్యానికి కారణం

కోర్టు గుమాస్తాల్లో ఆయన్ని సొంత పేరుతో పిలిచేవాళ్ళు ఎవరూ మిగల్లేదు. అందరికీ ఆయన తారీఖులయ్య. ఫలానా తీర్పు మీద అప్పీలుకి ఆఖరి రోజు ఎప్పుడని అడిగితే చాలు, కాగితం కలం ముట్టకుండా పైకప్పు వంక ఒకసారి చూసి చెప్పేసేవాడు. మధ్యలో ఆదివారాలెన్ని, సెలవులెన్ని, తీర్పు నకలు కోసం పోయిన రోజులెన్ని, అన్నీ ఆ పైకప్పు మీదే రాసున్నట్టు ఉండేది వ్యవహారం. ముప్ఫై ఒక్క ఏళ్ళలో ఒక్క గడువు తప్పలేదు. ఆ సంగతి జనం ఎక్కడ మర్చిపోతారోనని వారానికోసారి ఆయనే గుర్తుచేస్తుండేవాడు. మనిషన్నాక ఆ మాత్రం గొప్ప ఉండదూ మరి!

అలాంటి తారీఖులయ్య ఆ సోమవారం పొద్దున అప్పీళ్ళు దాఖలు చేసే కౌంటరు ముందు నిలబడి, లోపలున్న అమ్మాయితో పోట్లాట పెట్టుకున్నాడు.

"నాలుగు రోజులు ఆలస్యమా? మా ఆఫీసు నుంచి వచ్చిన అప్పీలా? నువ్వీ కుర్చీలోకొచ్చి ఎన్నాళ్ళయిందమ్మాయ్?"

"రెండేళ్ళయింది సార్."

"నేనీ కిటికీ ముందుకొచ్చి ముప్ఫై ఒక్క ఏళ్ళయింది. పదిహేనో తారీఖు దాకా గడువుంది. పధ్నాలుగునే వేశాను. లెక్క సరిగ్గా చూసుకో."

ఆ అమ్మాయి మంచిది కాబట్టి సరిపోయింది, ఇంకొకరైతే కిటికీ మూసేసేవాళ్ళు. తీర్పు నకలు తిరగేసి, ఆఖరి పేజీ వెనక ఉన్న ముద్ర మీద వేలు పెట్టి చూపించింది. "తీర్పు వచ్చింది పోయిన నెల రెండో తారీఖున. నకలు కోసం మీరు అర్జీ పెట్టింది అయిదున. నకలు సిద్ధమైంది పదమూడున. ఆ తొమ్మిది రోజులూ కలిపినా మీ ముప్ఫై రోజుల గడువు ఈ నెల పదో తారీఖుతో సరి."

"పదమూడేమిటమ్మా, పద్దెనిమిది!"

"పదమూడే సార్. చూడండి."

చూశాడు. ఆయన కంటికి అది నిక్షేపంలాంటి పద్దెనిమిది. కానీ ఆ అమ్మాయి గొంతులో ఉన్న నమ్మకం చూసి అనుమానమొచ్చింది. నకలు పట్టుకుని వరండా చివర ఎండ పడే చోటికి వెళ్ళాడు. ఎత్తి చూశాడు, దించి చూశాడు, ఒక కన్ను మూసి చూశాడు. మూడోసారికి ఆ ఎనిమిదిలో ఎడమవైపు సగం చెదిరిపోయి, ముద్ర సిరా మరకలోంచి మూడు బయటపడింది. ఓరి దేవుడా అనుకున్నాడు. అక్కడే ఉన్న బల్ల మీద కూలబడ్డాడు.

అసలు సంగతి ఏమిటంటే ఆయనకి రెండు కళ్ళకీ శుక్లాలు. కంటి డాక్టరు ఏడు నెలల కిందటే చెప్పాడు, చిన్న ఆపరేషను, అరగంటలో అయిపోతుందని. తారీఖులయ్య సరేనని తలూపి బయటికొచ్చి, మళ్ళీ ఆ వీధివైపు వెళ్తే ఒట్టు. ఇంట్లో చెప్పలేదు. ఆఫీసులో అంతకన్నా చెప్పలేదు. పిల్లి కళ్ళు మూసుకుని పాలు తాగినట్టు, తనకి కనపడకపోతే ఆ సంగతి ఎవరికీ కనపడదనుకున్నాడో ఏమో! పెద్ద అక్షరాలు కనపడేవి, చిన్నవి అలవాటు మీద తెలిసేవి. మిగతాది అంతా ధైర్యం.

వాళ్ళ ఆఫీసులో ఒక పద్ధతుంది. గడువు లెక్క వకీలు కట్టదు, ఆయనే కడతాడు. కట్టి, ఫైలు అట్ట మీద ఎర్ర సిరాతో ఆఖరి తేదీ వేస్తాడు. ఆ ఎర్ర అంకె పడ్డాక దానికి తిరుగులేదు. ఇప్పుడున్న వకీలమ్మ వాళ్ళ నాన్న కాలం నుంచీ అదే రివాజు. అట్ట మీద పదిహేను అని ఉంటే వకీలమ్మ తీరిగ్గా పదమూడుకి అప్పీలు రాసి ముగించింది. అందులో ఆవిడ తప్పేముంది? పది అని వేసి ఉంటే తొమ్మిదికే ముగించేది.

ఆఫీసుకి తిరిగొచ్చేసరికి వకీలమ్మ టేబులు మీద కాగితాల్లో తల దూర్చి ఉంది. కోర్టులో ఆవిడ మేడమ్, ఆఫీసులో ఆయనకి అమ్మాయే. ఆయన ఆవిడకి బాబాయ్. నిక్కరు వేసుకుని ఇదే టేబులు కింద ఆడుకున్న పిల్ల.

"ఏం బాబాయ్, మేస్త్రీ అప్పీలు తీసుకున్నారా, నంబరు పడిందా?"

చెప్పేయాలనే వచ్చాడు పాపం. తీరా నోరు తెరిస్తే వేరే మాట వచ్చింది. "లేదమ్మా. నాలుగు రోజులు లేటన్నారు. మేస్త్రీ సంతకానికి ఆలస్యంగా వచ్చాడు కదా, అదీ..."

"అలాగా? మనిషి చూస్తే అలాంటివాడు కాదే!" అని ఆవిడ ఒక్క క్షణం ఆలోచించింది. "సరే, నాలుగు రోజులేగా. ఆలస్యం మన్నించమని పిటిషను వేద్దాం. కారణం ఏం రాద్దాం?"

"అది నేను చూసుకుంటాలే."

కారణాలకేం కొదవ! ఆలస్యంగా వచ్చే అప్పీలుకి కోర్టు అడిగేది ఒక్కటే, తగిన కారణం చూపించమని. ఎన్ని రోజులన్నది తర్వాతి మాట. కారణం నమ్మేలా ఉంటే నాలుగు వందల రోజులు కూడా మన్నించిన సందర్భాలున్నాయి. లేకపోతే ఒక్క రోజుకే తలుపు మూసుకుంటుంది. అందుకని గుమాస్తాల బీరువాల్లో కారణాలు సిద్ధంగా ఉంటాయి. టైఫాయిడు, కామెర్లు, కాలు బెణకడం, దగ్గరి బంధువు చావు. ఒకే మేనమామని మూడు కేసుల్లో చంపిన ఘనులున్నారు. తారీఖులయ్యకి కామెర్లంటే ఇష్టం. ఎన్ని రోజులైనా సాగదీసుకోవచ్చు, మచ్చ మిగలదు, మనిషి లేచి తిరుగుతున్నా అనుమానం రాదు. అలవాటైన చేతితో టైపు కొట్టేశాడు. ఫలానా తేదీ నుంచి ఫలానా తేదీ దాకా నేను కామెర్లతో మంచాన పడి ఉన్నందువల్ల, అంటూ. కింద మేస్త్రీ సంతకానికి చోటు వదిలాడు.

సాయంత్రం అయిదింటికి ఆ కాగితం పట్టుకుని మేస్త్రీ పనిశాలకి వెళ్ళాడు.

మేస్త్రీ అంటే వడ్రంగి. తలుపులు చేస్తాడు. తలుపులంటే మామూలువి కాదు, ఒక్కో రెక్క ఇద్దరు మోయాల్సినవి. పనిశాల సందు చివర ఉంది. వాళ్ళ నాన్న కాలం నుంచీ నలభై ఏళ్ళుగా ఆ సందులోంచే చెక్క లోపలికి వెళ్ళేది, తలుపులు బయటికి వచ్చేవి. సందు మొదట్లో ఉన్న గోదాము యజమాని, ఈ స్థలం నాది అంటూ అయిదేళ్ళ కిందట అడ్డంగా ఇనప గేటు పెట్టించాడు. పక్కన ఒక మనిషి నక్కి నక్కి దూరేంత ఖాళీ వదిలాడు, దయతలిచి. కేసు నడిచింది, మేస్త్రీ ఓడాడు. ఈ అప్పీలు కూడా గడువు దాటిందని కొట్టేస్తే ఆ ఖాళీ కూడా మూసేస్తానని గోదాము ఆయన అందరికీ చెప్పుకుంటున్నాడు. చివరికి తలుపులు చేసేవాడికే దారి లేకుండా పోతుందన్నమాట.

తారీఖులయ్య ఆ ఖాళీలోంచి పక్కకి తిరిగి, పొట్ట లోపలికి లాగి దూరాడు. చొక్కా జేబు గేటు మేకుకి తగిలి పర్రుమంది. సందులో ఒక దర్వాజా మూడు ముక్కలుగా గోడకి ఆనించి ఉంది. బిగించింది బిగించినట్టు బయటికి పోదు కాబట్టి, లోపల కోసి, వీధిలోకి ముక్కలు మోసుకెళ్ళి, నడిరోడ్డు మీద బిగించుకుంటున్నాడు. వాన వస్తే ఆ పనీ లేదు. ఉన్న ఇద్దరు పనివాళ్ళలో ఒకడు ఈ గోల పడలేక మానేశాడు.

"రండి గుమాస్తాగారూ!" అంటూ మేస్త్రీ బల్ల మీది పొట్టు చేత్తో తుడిచి కూర్చోమన్నాడు. "అప్పీలు పడిందా అండీ?"

"చిన్న చిక్కొచ్చింది. ఏం ఫరవాలేదు. ఇక్కడొక సంతకం పడేయ్."

పడేయ్ అంటే పడేసే మనిషైతే ఈ కథే లేదు. మేస్త్రీ చేతులు కడుక్కొచ్చి, కళ్ళజోడు తగిలించుకుని, ఒక్కో మాటా పెదాలు కదుపుతూ చదివాడు. చదివి తలెత్తాడు.

"నాకు కామెర్లెప్పుడొచ్చాయండీ?"

"రాలేదయ్యా. రాసుకుంటాం. అందరూ రాసుకుంటారు."

"ఈ తారీఖుల్లోనా?" మేస్త్రీ నవ్వాలో ఏడవాలో తెలియనట్టు చూశాడు. "ఆ రోజుల్లో నేను మీ కోర్టులోనే ఉన్నాను కదండీ! రికార్డు గదికి కొత్త తలుపు బిగించింది ఎవరనుకున్నారు? జడ్జిగారు స్వయంగా గదిలోంచి బయటికొచ్చి, సుత్తి చప్పుడు మెల్లగా అయితే బాగుండునన్నారు. ఆయన ముందే నేను మంచాన పడ్డానని చెప్పమంటారా?"

తారీఖులయ్య నాలిక కరుచుకున్నాడు. చూసుకోవద్దూ! ఆ సుత్తి చప్పుడు తనూ విన్నాడు, మనిషిని మాత్రం పోల్చుకోలేకపోయాడు. "పోనీ, టైఫాయిడు..."

"ఏ రోగమైనా ఒకటే కదండీ." మేస్త్రీ కాగితం మడతపెట్టి మర్యాదగా తిరిగిచ్చేశాడు. "నేను అబద్ధమాడనని కాదు గుమాస్తాగారూ. గురువారం తలుపిస్తానని చెప్పి ఆదివారం ఇస్తాను, ఊరంతటికీ తెలుసు. కానీ సంతకం పెట్టి ఆడను. అయినా నాకు తెలియక అడుగుతాను, ఆలస్యం ఎందుకైంది? తీర్పొచ్చిన రోజే మీ దగ్గరికొచ్చి అప్పీలు వేద్దామన్నాను. పధ్నాలుగున సంతకానికి రమ్మన్నారు, పొద్దున్నే వచ్చాను. నేనెక్కడ ఆలస్యం చేశానండీ?"

అడిగిన దాంట్లో కోపం లేదు. నిజంగానే తెలుసుకుందామని అడిగాడు. తిట్టినా బాగుండేది అనిపించింది తారీఖులయ్యకి.

"కనుక్కుని చెప్తాను," అన్నాడు. కనుక్కోవడానికి ఎక్కడికో వెళ్ళాలన్నట్టు!

ఇంటికి నడుస్తూ లోపల వాదన పెట్టుకున్నాడు. నకళ్ళ విభాగం వాళ్ళు ముద్ర సరిగ్గా వెయ్యలేదు, సిరా అలికింది. నిజమే. కానీ కౌంటరు అమ్మాయి ఒక్క చూపులో చదివింది కదా. పోనీ, కళ్ళ సంగతి చెప్పి కాళ్ళ మీద పడితే? వకీలమ్మ ఏమంటుంది? ఏమీ అనదు. ఇంట్లో విశ్రాంతి తీసుకో బాబాయ్ అంటుంది. అదే ఆయన భయం. ఫోనులో తేదీ నొక్కితే గడువు లెక్కలు అవే వచ్చేస్తున్న రోజులివి. ఆ పైకప్పు లెక్కలు తప్ప తనకి ఇంకేం వచ్చని? తిట్టి పంపినా ఒక రకం, జాలిపడి పంపితే ఎలా బతకడం? ఇటు చూస్తే ఆ గేటు, ఆ మూడు ముక్కల దర్వాజా. తన కళ్ళు తన ఇష్టం, మూసుకుంటాడో తెరుచుకుంటాడో. కానీ ఆ మేస్త్రీ ఏం పాపం చేశాడు? ఈ ప్రశ్న దగ్గరికొచ్చేసరికి ప్రతిసారీ ఆయన వాదన ఓడిపోతూ వచ్చింది.

మర్నాడు పొద్దున ఆఫీసు తలుపు తీస్తూనే చెప్పేశాడు. కూర్చోలేదు, నీళ్ళు తాగలేదు.

"మేస్త్రీ ఆలస్యం చెయ్యలేదమ్మా. నీకు అబద్ధం చెప్పాను. పదమూడుని పద్దెనిమిది అని చదివాను. నాకు కళ్ళు సరిగ్గా కనపడటం లేదు. ఏడు నెలలైంది."

వకీలమ్మ చేతిలో పెన్ను కింద పెట్టింది. లేచి కిటికీ తెరిచి, మళ్ళీ వచ్చి కూర్చుంది.

"ఇంకెన్ని ఫైళ్ళున్నాయి బాబాయ్, ఈ ఏడు నెలల్లో?"

"అన్నీ మళ్ళీ చూడాలి."

"చూద్దాం." ఆవిడ పెన్ను మళ్ళీ చేతిలోకి తీసుకుంది. "ఈ పిటిషనులో లెక్క నేనే తప్పు కట్టానని రాస్తాను. వకీలు పొరపాటంటే కోర్టు కూడా పెద్దగా పట్టించుకోదు. నీ పేరు రాదు."

ఆ మాట ఎంత తియ్యగా ఉందో ఆయనకే తెలుసు. ఊ అంటే చాలు. ముప్ఫై ఒక్క ఏళ్ళ పేరు పేరులాగే ఉంటుంది. ఊ అనబోయాడు కూడా.

"వద్దమ్మా," అన్నాడు చివరికి. "అదీ అబద్ధమే అవుతుంది. మేస్త్రీ దానికీ సంతకం పెట్టడు, మొండి ఘటం. తప్పు నా పేరు మీదే వెయ్యి. అఫిడవిట్ నేనిస్తాను."

ఎవరికో రాసిచ్చే కారణాలు పది నిమిషాల్లో టైపు కొట్టే మనిషికి, సొంత కారణం రాయడానికి మధ్యాహ్నం దాకా పట్టింది. అక్షరాలు కనపడక కొంత, కనపడీ కొంత.

మూడు వారాల తర్వాత పిటిషను విచారణకి వచ్చింది. ఆ రోజు కోర్టు హాలు నిండా గుమాస్తాలే. విషయం పొక్కింది మరి. తారీఖులయ్య గడువు తప్పాడంటే ఎవరైనా నమ్ముతారా? చూసి పోదామని వచ్చారు. కొందరు నిజంగా బాధపడి వచ్చారు, కొందరు బాధపడుతున్నట్టు మొహం పెట్టుకుని వచ్చారు.

గోదాము ఆయన తరఫున లేచింది గంట వకీలు. ఆయన గొంతు విప్పితే పక్క హాల్లో వాదన ఆగిపోతుంది. అందుకే ఆ పేరు.

"అయ్యా, నా క్లయింటు అయిదేళ్ళు తిరిగి కేసు గెలిచాడు. గెలిచినవాడు కూడా ఏదో ఒక రోజు ఇక అయిపోయిందనుకుని నిద్రపోవాలి కదా? గడువు అనేది పెట్టిందే అందుకు. పదో తారీఖు రాత్రి నా క్లయింటు హాయిగా నిద్రపోయాడు. పధ్నాలుగున లేపారు. లేపడానికి చెప్పిన కారణమేమిటి? కళ్ళు కనపడని మనిషి చేత తేదీలు చూపించుకున్నాం అని! ఇది కారణమా? ఇది అజాగ్రత్త. అదీ ఒకరోజుది కాదు, ఏడు నెలలది. ఆయనే తన అఫిడవిట్‌లో ఒప్పుకున్నాడు."

మాట్లాడిన దాంట్లో తప్పేం లేదు. వెనక బల్ల మీద కూర్చున్న మేస్త్రీ కూడా అవును కదా అన్నట్టు తలూపాడు, పక్కవాడు మోచేత్తో పొడిచేదాకా. గెలిచినవాడి నిద్ర కూడా నిద్రే. వకీలమ్మ లేచి, మేస్త్రీ తీర్పొచ్చిన రోజు నుంచీ ఒక్క పూట కూడా ఊరుకోలేదనీ, చేయాల్సిందంతా చేశాడనీ చెప్పింది. అంతకన్నా చెప్పడానికి ఆవిడ దగ్గరా ఏమీ లేదు.

జడ్జిగారు కాగితాలు తిప్పి, కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టారు. "ఆ గుమాస్తా ఉన్నాడా?"

తారీఖులయ్య ముందుకొచ్చాడు. ఇన్నేళ్ళలో ఎన్ని వందలసార్లు ఈ హాల్లోకి వచ్చాడో, వకీళ్ళు నిలబడే గీత దాటి ముందుకి రావడం మాత్రం ఇదే మొదలు. జడ్జిగారు నకలు ఆయన చేతికిప్పించారు.

"ఆ ముద్రలో నకలు సిద్ధమైన తేదీ ఎంతో చదవండి."

జవాబు పదమూడని గోడలకి కూడా తెలుసు. తారీఖులయ్య కాగితం దగ్గరికి తెచ్చుకుని, దూరం జరిపి, మళ్ళీ దగ్గరికి తెచ్చాడు.

"పదమూడని నాకు తెలుసయ్యా. నాకు కనపడేది మాత్రం ఇప్పటికీ పద్దెనిమిదే."

వెనక ఎవరో కిసుక్కున నవ్వారు. జడ్జిగారు తలెత్తి చూసేసరికి ఆ నవ్వు చచ్చింది. ఆయన ఎదుటున్న కట్టలోంచి ఇంకో కాగితం తీసి ఇప్పించారు. "ఇదీ?"

చాలాసేపు చూశాడు. "ఏదో నోటీసులా ఉంది. పైనున్న పెద్ద అక్షరాల్ని బట్టి చెప్తున్నాను. కింద రాసింది తెలియడం లేదయ్యా."

ఆ మాట చెప్తుంటే ఆయన చెవులు ఎర్రబడ్డాయి. తనని లెక్కలు అడగడానికి వచ్చే గుమాస్తాలందరూ వెనక నిలబడి వింటున్నారు. నేల చీలితే అందులో దూరిపోయి ఉండేవాడు.

"ఆపరేషను చిన్నదేనని డాక్టరు చెప్పినట్టు మీరే రాశారు," అన్నారు జడ్జిగారు, నిదానంగా. "ఏడు నెలలు ఎందుకు ఆగారు? ఆ సంగతి అఫిడవిట్‌లో లేదు. వకీలుగారు అడుగుతున్నది కూడా అదే."

కామెర్లు, టైఫాయిడు, మేనమామ చావు, అన్నీ ఒక్కసారి బుర్రలో తిరిగాయేమో ఆయనకి. ఎంతమందికి ఎన్ని కారణాలు అల్లిపెట్టాడు! తన దాకా వచ్చేసరికి ఒక్కటీ పనికి రాలేదు.

"భయమేసిందయ్యా," అన్నాడు. "మా అన్నయ్యకి కంటి ఆపరేషను వికటించి ఆ కన్ను పోయింది. అదొక భయం. కళ్ళు పోతున్నాయని తెలిస్తే పని పోతుందని ఇంకో భయం. అంతకన్నా కారణం లేదు. మేడమ్ గారి తప్పు లేదు. ఆ మేస్త్రీ తప్పు అసలే లేదు. నేను భయపడుతూ కూర్చుంటే ఆయన గడువు అయిపోయింది."

జడ్జిగారు కళ్ళజోడు మళ్ళీ పెట్టుకున్నారు. గంట వకీలు వైపు తిరిగారు. ఆశ్చర్యం, ఆ గొంతులో గంట మోగలేదు. "నేను చెప్పేది చెప్పానయ్యా, తమ చిత్తం," అని కూర్చున్నాడు.

"ఈ ఊరి ఆస్పత్రిలో కంటే నా కోర్టు రికార్డుల్లోనే కామెర్లు ఎక్కువ," అన్నారు జడ్జిగారు. ఈసారి అందరూ నవ్వారు, భయంభయంగా. "భయమని రాసినవాళ్ళు నాకింతవరకూ తగల్లేదు. వకీలుగారన్నది నిజమే, గెలిచినవాడికి నిద్ర కావాలి. కానీ భయపడ్డది ఒకరు, దారి పోయేది ఇంకొకరికి. అప్పీలుదారు తన వంతు ఆలస్యం ఒక్కరోజు కూడా చెయ్యలేదు. గోదాము యజమాని గెలుపు ఎక్కడికీ పోలేదు, వాదనలో నిలబెట్టుకోవచ్చు. నాలుగు రోజుల ఆలస్యాన్ని మన్నిస్తున్నాను. అప్పీలుకి నంబరు వెయ్యండి. అది తేలేదాకా సందులో ఇప్పుడున్నది ఉన్నట్టే ఉండాలి, ఏదీ మూయకూడదు." తర్వాత తారీఖులయ్య వైపు చూశారు. "ఆ నాలుగు రోజులు నా చేతిలో ఉన్నాయి కాబట్టి మన్నించాను. మీ ఏడు నెలలు మన్నించే అధికారం నాకు లేదు. ఆ పిటిషను ఎక్కడ వేసుకుంటారో మీరే చూసుకోండి."

వరండాలోకి వచ్చాక వకీలమ్మ ఆగింది. లోపల బిగబట్టుకున్నదంతా అప్పుడు బయటికొచ్చింది.

"నాకు కోపం కళ్ళు పోయినందుకు కాదు బాబాయ్! పని పోతుందని భయమా? నేను తీసేస్తాననుకున్నావా? నన్ను ఎత్తుకుని తిప్పినవాడివి, నా గురించి నీకు తెలిసింది ఇదేనా? ఏడు నెలలు నా ఎదురుగా కూర్చుని..." మాట పూర్తిచెయ్యలేక మొహం అటు తిప్పుకుంది.

"తప్పైపోయిందమ్మా," అన్నాడాయన.

"ఎప్పుడు చేయించుకుంటావ్ ఆపరేషను?"

"చేయించుకుంటాను. ముందు ఆ పాత ఫైళ్ళలో మిగిలినవి చూడాలి. ఈ మేస్త్రీ అప్పీలు వాదన కూడా ఒకటి అయిపోతే..."

అంతవరకూ దూరంగా, చేతులు కట్టుకుని నిలబడ్డ మేస్త్రీ ముందుకొచ్చాడు. "వాదన ఎప్పటికవుతుందండీ?"

"రెండేళ్ళు పట్టొచ్చు. మూడు కూడా."

"బాగుంది వరస! మూడేళ్ళు నా కాగితాలు ఇలా తడుముకుంటూ మోస్తారా? అమ్మా, లాయరమ్మగారూ, నేనొప్పుకోను. కళ్ళు బాగయ్యేదాకా ఈయన నా ఫైలు ముట్టుకోకూడదు." వేలు చూపించి మరీ చెప్పాడు. తారీఖులయ్య తల దించుకున్నాడు. ఆ మాట రావాల్సిందే, ఆయనకి తెలుసు. ఈ ఏడు నెలలుగా ఎదురుచూస్తున్న మాటే అది.

మేస్త్రీ ఇంకా ఆపలేదు. "బాగయ్యాక మాత్రం ఈయనే చూడాలి. ఇంకొకరి చేతికి ఇచ్చారంటే ఊరుకోను. తప్పు చేసి, అంతమందిలో నిలబడి నాదే తప్పని చెప్పే మనిషిని నేనెక్కడ వెతుక్కోను చెప్పండి? మంగళవారం నాకు పని తక్కువ. ఆస్పత్రికి నేను తీసుకెళ్తాను."

తారీఖులయ్యకి ఏడుపొచ్చింది. అరవయ్యేళ్ళు దగ్గరపడ్డ మనిషి, కోర్టు వరండాలో, ఊళ్ళో గుమాస్తాలందరూ చూస్తుండగా, చొక్కా చేతితో మొహం తుడుచుకుంటూ ఏడ్చాడు. వకీలమ్మ ఆయన చేతిలోంచి ఫైలు తీసుకుంది. ఇచ్చేశాడు.

"మంగళవారం ఎన్నింటికి?" అని అడిగాడు మేస్త్రీని.

"తొమ్మిదింటికి. నేను ఆలస్యం చెయ్యను."

"నాకు ఇంకా భయంగానే ఉందయ్యా."

"ఉంటుంది మరి," అన్నాడు మేస్త్రీ. మెట్ల దగ్గర ఆయన మోచెయ్యి పట్టుకున్నాడు. తారీఖులయ్య వదిలించుకోలేదు.